మంచు ముందు మంత్రం చెల్లదు

ఏ దేశపు పటంలోనూ లేని కొండల వరుస అది. ఎక్కితే మంచు తుపాను, దిగితే అగ్నిభూతం, గుహలో తలదాచుకుంటే వెనక గోడ నోరు తెరుస్తుంది. టోల్కీన్ ఊహలో పుట్టిన ‘మిస్టీ మౌంటెన్స్’ పుస్తకానికెక్కి తొంభై ఏళ్ళు కావస్తోంది. కల్పన అని తెలిసీ చదువరికి ఇప్పటికీ వణుకెందుకు పుడుతుంది? జవాబు మంత్రాల్లో లేదు. కట్టెలమోపులో ఉంది.

‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’లో కొండ ఎక్కడానికి బయల్దేరే ముందు జట్టులోని యోధుడు బోరొమీర్ ఓ మాటన్నాడు. ‘తలా ఒక మోపు, మోయగలిగినన్ని కట్టెలు వీపున వేసుకుందాం’ అని. అతను పుట్టి పెరిగింది కొండల నీడలో. పైకి వెళ్ళేకొద్దీ చెట్టన్నది ఉండదని, చలికి కత్తీ డాలూ అడ్డం రావని అతనికి ఎవరూ చెప్పక్కర్లేదు. మిగతా ఎనిమిదిమందీ సరేనన్నారు. వాళ్ళలో గాండాల్ఫ్ కూడా ఉన్నాడు. ఆ లోకంలో అతన్ని మించిన మాంత్రికులు ఒకరిద్దరుంటే ఎక్కువ. అంతటివాడు వెంట ఉండగా కట్టెలమోపు దేనికి?

ఆ రాత్రికే తెలిసింది. కారధ్రాస్ కొండ భుజం మీదికి చేరేసరికి మంచు మొదలైంది. తెల్లపూల జల్లులా కాదు, బస్తాలు విప్పి కుమ్మరించినట్టు. గాలిలో ఎవరో అరుస్తున్నట్టు, నవ్వుతున్నట్టు చప్పుళ్ళు. పైనుంచి రాళ్ళు ఈలవేసుకుంటూ తలల మీదుగా పోతున్నాయి. బారెడు కూడా లేని హాబిట్లు నడుము దాకా కూరుకుపోయారు. ఇక ఆగితే చావు, కదిలితే చావు అన్న దశలో మోపులు దించారు. తడిసిన కట్టెలు, ఎగదోసే గాలి. ఎవరెంత కష్టపడినా నిప్పు అంటుకోలేదు. చివరికి గాండాల్ఫ్ ఒక మోపు అందుకుని, చేతికర్ర దానికి ఆనించి మంత్రం చదివాడు. భగ్గున మంట లేచింది. అవును, మంత్రమే. కానీ ఆ మంత్రానికి కూడా కట్టె కావాల్సి వచ్చింది.

తెల్లారాక ఒకరు ఎగతాళిగా అన్నారు, మాంత్రికుడు మంట పట్టుకుని ముందు నడిస్తే దారిలో మంచు కరుగుతుంది కదా అని. కాల్చడానికి ఏదో ఒకటి ఉండాలి, మంచును తగలబెట్టడం తన వల్ల కాదని గాండాల్ఫ్ తేల్చేశాడు. మాంత్రికుల కథల్లో ఇంత నిజాయితీ అరుదు.

పటం ముందు, కథ తర్వాత

ఈ కొండలున్న లోకం పేరు మిడిల్ ఎర్త్. సృష్టించినవాడు జె.ఆర్.ఆర్. టోల్కీన్, ఆక్స్‌ఫర్డ్‌లో పాత ఇంగ్లిష్ భాష చెప్పిన ఆచార్యుడు. 1937 సెప్టెంబరులో ‘ది హాబిట్’, 1954-55లలో మూడు సంపుటాలుగా ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ వచ్చాయి. ముందు పటం గీసుకుని, దానికి తగ్గట్టు కథ నడిపానని ఆయనే చెప్పుకున్నాడు. అందుకే ఆయన పాత్రలు ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి రెప్పపాటులో చేరవు. ఇన్ని మైళ్ళు, ఇన్ని రోజులు, ఆ రాత్రి చంద్రుడు ఏ కళలో ఉన్నాడు, అన్నీ లెక్కే.

పటంలో ఉత్తరాన గుండాబాద్ నుంచి దక్షిణాన మెథెడ్రాస్ దాకా నిలువునా దిగే వెన్నెముక మిస్టీ మౌంటెన్స్. ఎల్ఫ్ జాతి భాషలో హిథాయ్‌గ్లిర్, అంటే పొగమంచు కమ్మిన శిఖరాల వరుస. పడమటి లోకం నుంచి తూర్పు లోకానికి వెళ్ళాలంటే దీన్ని దాటక తప్పదు. దాటే దారులు చాలా కొద్ది.

ఈ కొండలు వాటంతటవి పుట్టలేదని టోల్కీన్ పురాణం చెబుతుంది. ఆయన మరణించాక 1977లో అచ్చయిన ‘ది సిల్మరిలియన్’లో ఆ వృత్తాంతం ఉంది. ఓరోమె అనే వేట దేవుడు గుర్రమెక్కి అడవులన్నీ తిరుగుతుంటే కంటగింపయి, మెల్కోర్ అనే మొదటి దుష్టుడు అడ్డుగోడగా వీటిని పైకి లేపాడట. అంటే ఈ పర్వతం పుట్టుకలోనే ‘రావద్దు’ అన్న మాట ఉంది. పడమరకు వలస వెళ్తున్న ఎల్ఫ్‌లలో కొందరు ఈ గోడను చూసే గుండె జారి, ఏటి ఒడ్డునే పడమటి దారి వదిలేశారు.

ఒక్క అడుగు దూరంలో రాయి

దేవుళ్ళ కథ అలా ఉంచితే, ఈ కొండలు నిజంగా పుట్టిన చోటు స్విట్జర్లాండ్. సంవత్సరం 1911, వేసవి. టోల్కీన్‌కు పంతొమ్మిదేళ్ళు, ఇంకా ఆక్స్‌ఫర్డ్‌లో చేరలేదు. తమ్ముడు, పిన్నిలతో పాటు పన్నెండుమంది దాకా ఉన్న బృందంతో ఆల్ప్స్‌లో కాలినడకన బయల్దేరాడు. వీపున బరువైన సంచులు. వంట ఆరుబయట. మగవాళ్ళ పడక చాలా రాత్రులు గడ్డివాముల్లో, పశువుల కొట్టాల్లో.

ఒకరోజు గైడ్లను వెంటబెట్టుకుని అలెచ్ హిమనదం వైపు నడుస్తున్నారు. ఒకరి వెనక ఒకరు వెళ్ళాల్సిన సన్నటి బాట. కుడివైపు ఏటవాలుగా మంచు, ఎడమవైపు లోయ. ఆ ఏడు ఎండలు ముదరడంతో మామూలుగా ఏడాదంతా ఉండే మంచు కరిగిపోయింది. ఎప్పుడూ మంచు కింద కదలక మెదలక ఉండే రాళ్ళు బయటపడ్డాయి. పొద్దెక్కేకొద్దీ మంచు ఇంకా కరిగి, రాళ్ళు పట్టు తప్పి దొర్లడం మొదలైంది. బత్తాయిపండంత, ఫుట్‌బాల్ అంత, కొన్ని అంతకు చాలా పెద్దవి. టోల్కీన్ ముందు నడుస్తున్న పెద్దావిడ, బడి పంతులమ్మ, కెవ్వున కేకేసి ముందుకు దూకింది. ఆమెకీ ఇతనికీ మధ్యనుంచి ఒక పెద్ద బండ దూసుకుపోయి లోయలో పడింది. వణుకుతున్న తన మోకాళ్ళకీ ఆ బండకీ మధ్య మహా అయితే ఒక అడుగు ఎడం ఉండి ఉంటుందని, యాభై ఏళ్ళు దాటాక కొడుక్కి రాసిన ఉత్తరంలో ఆయన గుర్తుచేసుకున్నాడు.

‘ది హాబిట్’లో కథానాయకుడు బిల్బో ఈ కొండలు దాటడం, ఆవల జారుడు రాళ్ళ మీద కొట్టుకుంటూ దేవదారు అడవిలోకి దిగడం, అన్నిటికీ మూలం ఆ ప్రయాణమేనని అదే ఉత్తరంలో ఉంది. పుస్తకంలో ఉరుముల రాత్రి రాతి రాక్షసులు బండలు విసురుకుంటూ ఆడుకుంటారు. పట్టి విసిరే చేతులు కల్పన. నెత్తి మీదుగా పోయిన బండ మాత్రం కల్పన కాదు.

ఆ ప్రయాణంలో ఆయన మనసు దోచిన శిఖరం ఇంకొకటుంది. యుంగ్‌ఫ్రౌ పర్వతం భుజాన మెరిసే సిల్బర్‌హార్న్, వెండికొమ్ము. దాన్ని విడిచి వెళ్ళడానికి మనసొప్పలేదని రాసుకున్నాడు. ఆ వెండికొమ్మే మిడిల్ ఎర్త్‌లో ‘సిల్వర్‌టైన్’ అయింది. తన మాంత్రికుడి అతిపెద్ద యుద్ధానికి టోల్కీన్ ఎంచుకున్న వేదిక ఆ శిఖరమే.

ఇంతకీ దోషి ఎవరు?

మళ్ళీ కారధ్రాస్ దగ్గరికి వద్దాం. 2001లో వచ్చిన పీటర్ జాక్సన్ సినిమా చూసినవాళ్ళకు ఆ తుపాను బాగా గుర్తుంటుంది. ఎక్కడో గోపురం మీద నిలబడి సారుమాన్ అనే కుతంత్ర మాంత్రికుడు మంత్రాలు చదువుతుంటాడు, ఇక్కడ మంచు విరిగిపడుతుంది. తెరకు అది బాగానే కుదిరింది. ప్రేక్షకుడికి ప్రతినాయకుడు కావాలి కదా.

పుస్తకంలో మాత్రం ఆ మంత్రం లేదు. గాలిలో వినిపించేవి దయ్యాల గొంతులని బోరొమీర్ అంటాడు. నాకు గాలిలాగే వినిపిస్తోంది, కానీ నువ్వన్నది అబద్ధమని కాదంటాడు జట్టులోని ఆరగార్న్. ఇది కథలోని అసలు శత్రువు సౌరాన్ పనా అని అనుమానం వస్తుంది. అసలు సౌరాన్ పేరు ఈ ప్రాంతాల్లో వినపడక ముందే ఈ కొండకు క్రూరమైనదన్న పేరుందని గిమ్లీ గుర్తుచేస్తాడు. అతను డ్వార్ఫ్, గనులు తవ్వే పొట్టిజాతివాడు. ఈ కొండలు అతని తాతముత్తాతల ఊరు. ఎవరు చేశారన్నది పుస్తకం చివరిదాకా తేలదు. రెండు కాళ్ళవాళ్ళంటే గిట్టనివి లోకంలో చాలా ఉన్నాయి, అవన్నీ శత్రువు కొలువులో పనిచేస్తున్నవి కావు. టోల్కీన్ అంతవరకే చెప్పి ఊరుకున్నాడు.

తెల్లారాక జరిగింది ఇంకా విచిత్రం. జట్టులో బలవంతులిద్దరు మంచును చీల్చుకుంటూ కిందికి దారి చేశారు. తీరా చూస్తే, దాటలేమనుకున్న మంచుగుట్ట గోడంత మందమే. దాని అవతల దారి మీద పలచని దుప్పటి పరిచినంత మంచు. తుపానంతా వీళ్ళున్న చోటే కురిసింది. చివరివాళ్ళు కూడా గండం దాటగానే వెనక రాళ్ళు కూలి బాట మూసుకుపోయింది. ‘సరే, వెళ్ళిపోతున్నాం, ఇక చాలు’ అన్నట్టు గిమ్లీ కొండకు కేకేసి చెప్పాడు. కొండ కూడా శాంతించింది.

చంపడం దాని ఉద్దేశం కాదు, వెనక్కి పంపడం. కొండకు మనసుంటుందన్న ఊహ మనకు కొత్త కాదు. రామాయణంలో హనుమంతుడు మూలికల కోసం వస్తే ఓషధులు కనబడకుండా దాక్కుంటాయి. వెతికి వేసారి ఆయన శిఖరాన్నే పెకలించాడు. మన కథలో కొండ మంకుతనానికి విరుగుడు భుజబలం. టోల్కీన్ జట్టుకు ఆ భాగ్యం లేదు. వాళ్ళు కొండ మాట విన్నారు.

కొండ కడుపులో

పైనుంచి దారి లేదంటే లోపలినుంచి వెళ్ళాలి. అదే అసలు గండం.

‘ది హాబిట్’లో బిల్బో బృందం వానకు ఒక గుహలో దూరింది. వెనక ఏముందో బాగా చూశారా అని అడిగితే, చూశామన్నారు కుర్రాళ్ళు. కొండగుహల సంగతి ఎవరికీ పూర్తిగా తెలీదు. అర్ధరాత్రి వెనక గోడ పగులు విచ్చుకుని, ముందు గుర్రాలను, తర్వాత వాళ్ళను మింగింది. అక్కణ్ణుంచి గాబ్లిన్ల చెర, తప్పించుకునే పరుగు, చీకట్లో చేతికి తగిలిన ఉంగరం, కొండ అడుగున చల్లటి చెరువు, దానిలో గొల్లమ్ అనే వింతజీవి.

ఇక్కడో తమాషా ఉంది. 1937 నాటి మొదటి కూర్పులో గొల్లమ్ అంత చెడ్డవాడేం కాదు. పొడుపుకథల పందెంలో ఓడితే ఉంగరాన్ని బహుమానంగా ఇస్తానన్నాడు. అది కనబడకపోయేసరికి క్షమాపణ చెప్పి బిల్బోకు బయటికి దారి చూపించాడు. తర్వాత రాస్తున్న పెద్ద కథలో ఆ ఉంగరం ప్రాణాంతకమని తేలింది. మరి అలాంటిదాన్ని ఎవడు చేతులారా ఇస్తాడు? టోల్కీన్ ఆ అధ్యాయాన్ని తిరగరాశాడు. 1951 కూర్పు నుంచి కొండ అడుగున గొల్లమ్ ‘దొంగ, దొంగ’ అని అరుస్తూనే ఉన్నాడు.

కారధ్రాస్ వెనక్కి పంపిన జట్టు లోపలినుంచి దాటబోయిన మోరియాది ఇంకో రకం భయం. ఒకప్పుడు అది డ్వార్ఫ్‌ల మహానగరం ఖజాద్-దూమ్. ఆ నగరం సిరికి మూలం మిత్రిల్ అనే లోహం. వెండిలా మెరుస్తుంది, రాగిలా సాగుతుంది, ఉక్కుకన్నా గట్టిది, మాసిపోదు. దాని ఈనె ఉత్తరానికి, లోతుకు దిగింది. ఈనె వెంట గని, గని వెంట ఆశ. చివరికి అడుగున నిద్రపోతున్న బాల్‌రోగ్ అనే అగ్నిభూతాన్ని గునపాలే లేపాయి. రాజు చచ్చాడు, ఊరు ఖాళీ అయింది. వైభవంగా ఉన్నప్పటి పేరుకు ‘డ్వార్ఫ్‌ల నిలయం’ అని అర్థం. పాడుబడ్డాక పడిన పేరు మోరియాకు ‘నల్లటి అగాధం’ అని. బొగ్గుగని ఊళ్ళ సంగతి తెలిసినవాళ్ళకు ఈ రెండు పేర్ల మధ్య ఎంత చరిత్ర ఉందో వేరే చెప్పక్కర్లేదు.

మోరియా పడమటి తలుపు పగలు కనబడదు. వెన్నెల పడితే గీతలు తేలతాయి. దాని మీద రాసి ఉన్నది చదివి, ‘మిత్రుడివైతే సంకేతపదం పలుకు’ అని అర్థం చేసుకున్నాడు గాండాల్ఫ్. తనకు వచ్చిన భాషలన్నిటి మంత్రాలూ వరసగా చదివాడు. తలుపు చలించలేదు. చాలాసేపటికి నవ్వొచ్చింది అతనికి. అడిగింది మంత్రం కాదు. ‘మిత్రుడు’ అన్న మాట పలకమనే రాసి ఉంది. తలుపులు చేసిన కాలంలో ఇరుగుపొరుగుకు అనుమానాల్లేవు. బడిపిల్లాడికి తట్టేది మహాపండితుడికి తట్టలేదు.

లోపల నలభై మైళ్ళ చీకటి. ఓ కావలిగదిలో పాత బావి. జట్టులో చిన్నవాడు పిప్పిన్‌కు చెయ్యి ఊరుకోలేదు. చిన్న రాయి తీసి లోపలికి జారవిడిచాడు. గుండె చాలాసార్లు కొట్టుకున్నాక, ఎక్కడో పాతాళంలో ‘బుడుంగ్’. గాండాల్ఫ్ చీవాట్లు పెట్టి అందరినీ ఊరుకోబెట్టాడు. కాసేపటికి అదే లోతులోంచి చప్పుడు. టక్... టక టక్... టక్. ఎవరో సుత్తితో కబుర్లాడుతున్నట్టు. ఆగిపోయింది. అంతే. టోల్కీన్ ఇంకేమీ రాయలేదు. ఆ పేజీ దగ్గర పుస్తకం మూసి పడుకోగలిగినవాళ్ళు తక్కువ.

తర్వాతి కథ అందరికీ తెలిసిందే. వంతెన మీద గాండాల్ఫ్ బాల్‌రోగ్‌కు అడ్డునిలిచి, దాంతోపాటే అగాధంలో పడ్డాడు. అట్టడుగు నుంచి అంతులేని మెట్లదారిలో తరుముకుంటూ శిఖరానికి చేరి, అక్కడ దాన్ని చంపి తానూ ప్రాణం విడిచాడు. ఆయన మళ్ళీ లేచొచ్చాడు కానీ, పాత గాండాల్ఫ్‌గా కాదు. ఆ శిఖరమే సిల్వర్‌టైన్, పంతొమ్మిదేళ్ళ కుర్రాడు వెనక్కి తిరిగి తిరిగి చూసిన వెండికొమ్ము.

ప్రవరుడి పసరు

మాయపర్వతాలు తెలుగు చదువరికి చిన్నప్పటి నేస్తాలు. ‘చందమామ’లో దాసరి సుబ్రహ్మణ్యం రాసిన ‘యక్షపర్వతం’, ‘రాకాసిలోయ’ పేర్లు వింటే చాలు, చిత్రా బొమ్మలు కళ్ళముందు కదిలే తరం ఇంకా ఉంది. అయితే కొండకూ మంత్రానికీ ఎదురుపడితే ఎవరు గెలుస్తారన్న ప్రశ్నకు మన దగ్గర అంతకన్నా పాత జవాబుంది.

పదహారో శతాబ్దంలో అల్లసాని పెద్దన రాసిన ‘మనుచరిత్ర’. ఇల్లు కదలని ప్రవరుడికి లోకం చూడాలని కోరిక. ఇంటికొచ్చిన సిద్ధుడు పాదాలకు పసరు పూశాడు. క్షణంలో హిమాలయం. చూడాల్సినవి కొన్ని చూశాడు. మధ్యాహ్నమైంది, నిత్యకర్మల వేళ దాటుతుంది, మిగతావి రేపు చూద్దాం, ఇంటికి పోదామనుకున్నాడు. కాళ్ళు కదల్లేదు. మంచునీళ్ళకు పసరు కరిగిపోయింది. ఆ తర్వాతే వరూధిని. మనం ఆ అందగత్తెను గుర్తుపెట్టుకున్నాం, కథను తిప్పిన మంచునీళ్ళను మర్చిపోయాం.

పెద్దన పేరు టోల్కీన్ విన్నాడనడానికి ఆధారమేమీ లేదు. అయినా ఇద్దరి కొండల మీదా జరిగింది ఒకటే. మంచు తన పని తాను చేసుకుపోయింది, మంత్రం మధ్యలో ఆగిపోయింది. ప్రవరుడి కాలి కింద మంచు పసరును కడిగేసింది. అలెచ్ బాట మీద మంచు కరిగి బండను వదిలేసింది. కారధ్రాస్ మీద మంచు కరగనే లేదు, గాండాల్ఫ్‌ను కట్టెలమోపు అడిగింది. మంత్రంతో కొండను దాటగలిగే కథలో కొండ తెర మీద గీసిన బొమ్మ. మంత్రం చెల్లని చోటే కొండ కొండవుతుంది. మిస్టీ మౌంటెన్స్ భయం రహస్యం ఇదే.

శని పక్కన కొత్త చిరునామా

మిడిల్ ఎర్త్ కొండలు ఇప్పుడు నిజం పటాలకు కూడా ఎక్కాయి. కాకపోతే మన భూమివి కావు. శనిగ్రహపు అతిపెద్ద ఉపగ్రహం టైటన్ మీద పర్వతాలకు మిడిల్ ఎర్త్ పర్వతాల పేర్లు, గుట్టలకు ఆ కథల్లోని పాత్రల పేర్లు పెట్టాలని అంతర్జాతీయ ఖగోళ సమాఖ్య నియమం. అక్కడ మిస్టీ మాంటెస్ ఉంది, మోరియా మాంటెస్ ఉంది, గాండాల్ఫ్ పేరిట గుట్టలున్నాయి.

ఆ పేర్లు అక్కడ భలే కుదిరాయి. టైటన్‌ను ఎప్పుడూ నారింజరంగు మసక కమ్మి ఉంటుంది. 1980లో పక్కనుంచి వెళ్ళిన వాయేజర్-1 కెమెరాకు నేల కనబడనే లేదు. 2004 నుంచి 2017 దాకా శని చుట్టూ తిరిగిన కస్సీని నౌక రాడార్‌తో ఆ మసకను చీల్చి చూస్తే కొండలు తేలాయి. సుమారు మైనస్ 179 డిగ్రీల చలిలో అక్కడ మంచుగడ్డే బండరాయి. వాన కురుస్తుంది కానీ నీళ్ళు కాదు, మీథేన్. మంచుతో చేసిన కొండలు, మసకలో దాగిన కొండలు. మెల్కోర్ లేపినవాటికన్నా ఇవే ఆ పేరుకు తగినవేమో.

టైటన్ మీద అన్నిటికన్నా ఎత్తైన శిఖరం మిత్రిమ్ మాంటెస్‌లో ఉందని 2016లో నాసా ప్రకటించింది. ఎత్తు 3,337 మీటర్లు. స్విట్జర్లాండ్‌లో సిల్బర్‌హార్న్ దానికన్నా మూడొందల మీటర్ల పైచిలుకు ఎత్తు. దాన్ని చూడటానికి రాకెట్ అక్కర్లేదు, 1911లో లాగే కాళ్ళు చాలు. పైకి ఎక్కుతానంటారా, బోరొమీర్ మాట మాత్రం గుర్తుంచుకోండి.

పెట్టె కథనం: కొండ ముసలాయన

టోల్కీన్ దాచుకున్న పోస్టుకార్డుల్లో జర్మన్ చిత్రకారుడు యోసెఫ్ మాడ్లెనర్ గీసిన ‘డెర్ బెర్గ్‌గైస్ట్’ ఒకటి. అంటే కొండ ఆత్మ. దేవదారు చెట్టు కింద బండ మీద తెల్లగడ్డం ముసలాయన కూర్చుని ఉంటాడు, వెడల్పు టోపీ, పొడుగు అంగీ. ఒక జింక వచ్చి ఆయన చేతులను మూతితో తాకుతుంది. వెనక రాతి శిఖరాలు. కార్డు దాచిన కాగితం మీద టోల్కీన్ ‘గాండాల్ఫ్‌కు మూలం’ అని రాసుకున్నాడు. దాన్ని 1911 ప్రయాణంలోనే కొన్నాడని ఆయన జీవితచరిత్రలో ఉంది. తర్వాత ఆరా తీస్తే మాడ్లెనర్ ఆ బొమ్మ గీసింది 1920లలో అని తేలింది. కొండలు ముందు వచ్చాయి, వాటి మీద కూర్చోవడానికి ముసలాయన తర్వాత దొరికాడు.